హైడ్రలాజికలా, హైడ్రోజియలాజికలా? బోరు కాగితాల మీది మాటలు: అపోహలు - వాస్తవాలు

బోరుకు అనుమతి అడిగినా, లేఅవుటు ఫైలు కదిపినా ఏదో ఒక చోట ‘హైడ్రలాజికల్ రిపోర్టు’ అనే మాట తగులుతుంది. నెల్లూరు, ప్రకాశం జిల్లాల్లో ఈ పేరుతో చేతులు మారే కాగితాలు చాలావాటిలో వాన లెక్క ఉండదు, వాగు లెక్క ఉండదు. రాయి ఎంత లోతులో తగులుతుందో, ఎన్ని అడుగులు వేయాలో ఉంటుంది. కాగితం మంచిదే కావచ్చు, పేరు తప్పు. పేరుదేముందిలే అనుకుంటే అడిగిన పని ఒకటి, చేతికొచ్చేది ఇంకొకటి అవుతుంది. డబ్బు రెండుసార్లు కట్టాలి.

అపోహ: నీటికి సంబంధించినదంతా హైడ్రలాజికలే.

గ్రీకులో ‘హైడోర్’ అంటే నీరు. మూలం ఒక్కటే గానీ దాని సంతానం అరడజను. హైడ్రలాజికల్ అంటే నీటి రాకపోకలకు సంబంధించినది. ఎంత వాన పడింది, ఎంత పారింది, ఎంత ఆవిరైంది, ఎంత ఇంకింది, ఎంత మిగిలింది: ఇదీ దాని పద్దు. తెలుగులో ‘జలశాస్త్ర సంబంధమైన’ అని రాయొచ్చు. పత్రికల్లో కనిపించే ‘జలసంబంధ’ మరీ వదులు మాట, అందులోకి నీళ్ల విరేచనాలు కూడా వచ్చేస్తాయి.

నేలపొరల్లో, రాతి పగుళ్లలో ఉన్న నీటి గురించి చెప్పేటప్పుడు హైడ్రోజియలాజికల్ అనాలి. గొట్టంలో, కాలువలో, తూములో నీటి ఒత్తిడీ వేగం అయితే హైడ్రాలిక్. ఉప్పు, ఫ్లోరైడు, సున్నం లెక్కలైతే హైడ్రోకెమికల్. కృష్ణపట్నం రేవుకు ఓడలొచ్చే దారిలో నీటి లోతు కొలిచే పని హైడ్రోగ్రాఫిక్. ఇక ‘హైడ్రలాజిక్’, ‘హైడ్రలాజికల్’ రెండూ ఒకటే, వాటి మీద పేచీ అక్కర్లేదు.

పేరు ఒకటి, సరుకు ఇంకొకటి అవడం మనకు కొత్తేమీ కాదు. చీమకుర్తి గెలాక్సీ గ్రానైటు అని ప్రపంచమంతా కొనే రాయి భూగర్భశాస్త్రం ప్రకారం గ్రానైటే కాదు, గాబ్రో అనే వేరే నల్లరాయి జాతి. అయితే వంటింటి గట్టు మీద పరిచే రాయికి పేరు తప్పినా నష్టం లేదు.

అపోహ: బోరు పాయింటు చూడటమే హైడ్రలాజికల్ సర్వే.

అది హైడ్రోజియలాజికల్ సర్వే. అందులోనూ ఎక్కువమంది చేసేది ఒకే ఒక్క పని, విద్యుత్ నిరోధకత పరీక్ష, అంటే కరెంటును నేల ఎంత అడ్డుకుంటుందో చూడటం. నేలలో ఒకే గీత మీద నాలుగు ఇనుప మేకులు దిగ్గొడతారు. బయటి రెండింటి గుండా కరెంటు పంపి, లోపలి రెండింటి మధ్య వోల్టేజి చూస్తారు. బయటి మేకుల్ని దూరం జరుపుకుంటూ పోయేకొద్దీ కరెంటు లోతుకు దిగుతుంది. లోపలి మేకుల మధ్య దూరం, బయటి మేకుల మధ్య దూరంలో అయిదో వంతు మించకూడదు.

తప్పులు జరిగేది ఇక్కడే. మధ్య నుంచి ఒక్కో పక్కకు 100 మీటర్ల తీగ లాగితే 100 మీటర్ల లోతు చూసినట్టు చెప్పేస్తారు. నిజంగా కనిపించేది అందులో సగమో, అంతకంటే తక్కువో. ఎండిన నేలలో మేకు చుట్టూ ఉప్పు నీళ్లు పోయకపోతే కరెంటు దిగదు, అంకెలు గంతులేస్తాయి. ఇనుప కంచె పక్కన, పాత నీటి గొట్టం మీదుగా తీగ లాగితే వచ్చేది కంచె లెక్క, గొట్టం లెక్క. వందో మీటరులో జానెడు పగులు ఉంటే అది ఈ పరీక్షకు అసలు కనిపించదు. నీళ్లు ఇచ్చేది ఆ పగులే కావచ్చు. మిషను చూసి చెప్పాడు గదా అని నమ్మకంగా 600 అడుగులు వేసేవాళ్లు ఈ సంగతి తెలుసుకోవాలి. అరచేతిలో కొబ్బరికాయ నిలబడటం సంగతి వేరు. దానికి కొలత లేదు గనక తప్పు పట్టే మార్గమూ లేదు.

అంకె తక్కువొస్తే జల ఉన్నట్టే అనేది ఇంకో పొరపాటు. గట్టి రాయి వేల ఓం-మీటర్లు (నిరోధకత కొలత) చూపిస్తుంది, మెత్తబడిన రాయి పదుల నుంచి వందల్లో ఉంటుంది. అంతకంటే బాగా పడిపోయిందంటే అక్కడ బంకమట్టి ఉండొచ్చు, సముద్రం వైపైతే ఉప్పు నీరు ఉండొచ్చు. ఉప్పు నీరు నిండిన ఇసుక 5 ఓం-మీటర్ల లోపే చూపిస్తుంది. ఆ తేడా పట్టాలంటే చుట్టుపక్కల బావుల నీళ్లు రుచి చూసి, ఉప్పు శాతం కొలిచి, ఆ అంకెల పక్కన పెట్టుకోవాలి. బావుల వివరం లేని సర్వే రిపోర్టు సగం రిపోర్టే.

అపోహ: రెండంగుళాల నీళ్లంటే అంగుళం నీళ్లకు రెట్టింపు.

కాదు, అయిదున్నర రెట్ల పైమాటే. ఇది హైడ్రాలిక్ సంగతి. రిగ్గువాళ్లు చెప్పే అంగుళం గొట్టం మందం కాదు. 90 డిగ్రీల వీ ఆకారపు గంటు కోసిన రేకును కాలువకు అడ్డంగా నిలబెట్టి, గంటు అడుగు నుంచి నీరు ఎంత ఎత్తున ఉందో కొలిచిన కొలత అది. ఎత్తు పెరిగేకొద్దీ గంటు వెడల్పూ పెరుగుతుంది, నీటి వేగమూ పెరుగుతుంది. అంగుళానికి గంటకు సుమారు 510 లీటర్లు. రెండంగుళాలకు సుమారు 2,890. రెండున్నరకు 5,050. మూడుకు దాదాపు 7,960. అందుకే అరంగుళం అటూ ఇటూ అయితే మోటారు ఎంపికే మారిపోతుంది.

కొలిచే చోటు కూడా చూడాలి. సరిగ్గా గంటు దగ్గర నీరు కిందికి వంగుతుంది, అక్కడ స్కేలు పెడితే తక్కువ చూపిస్తుంది. నీటి ఎత్తుకు నాలుగు రెట్ల దూరం వెనక్కి జరిగి, నీరు నిలకడగా ఉన్న చోట కొలవాలి. రేకు అవతల నీరు గాలిలోంచి స్వేచ్ఛగా పడాలి. కింద మడుగు కట్టి గంటుదాకా లేస్తే కొలత చెడింది.

పైగా రిగ్గు గాలితో ఊదినప్పుడు కనిపించే నీరు బోరు శాశ్వత దిగుబడి కాదు. అప్పటిదాకా పగుళ్లలో నిల్వ ఉన్నదంతా ఒక్కసారి ఎగదన్నుతుంది. మోటారు దించి, ఒకే వేగంతో గంటల తరబడి నడిపి, నీటిమట్టం ఎంత దిగుతుందో మొదట నిమిషం నిమిషానికీ, తర్వాత ఎడం పెంచుకుంటూ రాయాలి. ఆపాక మట్టం తిరిగి లేవడమూ రాయాలి. మోటారు కొనేది ఆ కాగితం చూసి.

అపోహ: భూగర్భ నీటిమట్టం మీటరు లేచింది, ఇక ఈ ఏడాది నీళ్లకు కొదవ లేదు.

ఎక్కడ లేచింది అనేది ముందు అడగాలి. రాతి నేలలో నీళ్లుండే సందు చాలా తక్కువ. కేంద్ర ప్రభుత్వం భూగర్భ జలాల అంచనాకు పెట్టిన 2015 పద్ధతిలో, బంకమట్టి తక్కువగా ఉండే మెత్తబడిన గ్రానైటు నేలలో మట్టం దిగినప్పుడు బయటికొచ్చే నీరు ఆ మందంలో 3%. పలకరాళ్లలో 1.5%. ఇసుక ఒండ్రులో 16%.

ఎకరాన్ని తీసుకుందాం. ఎకరం 4,047 చదరపు మీటర్లు. కనిగిరి వైపు గ్రానైటు నేలలో మట్టం మీటరు లేస్తే ఆ ఎకరం కింద చేరిన నీరు సుమారు 121 ఘనపు మీటర్లు, అంటే లక్షా ఇరవై ఒక్క వేల లీటర్లు. ఎకరం మీద అంగుళం నీరు నిలబెట్టడానికి లక్షా మూడు వేల లీటర్లు కావాలి. మీటరు లేచిన సంబరం ఒక్క అంగుళం తడికి కాస్త పైగా సరిపోతుంది, అంతే. అదే పెన్న ఒడ్డు ఇసుక ఒండ్రులో మీటరు లేస్తే ఆరు లక్షల నలభై ఏడు వేల లీటర్లు.

వాన వైపు నుంచి చూసినా లెక్క ఇలాగే తేలుతుంది. ఆ గ్రానైటు నేలలో పడిన వానలో 11% ఇంకుతుందని అంచనా. 100 మి.మీ. వానకు 11 మి.మీ. నీరు దిగుతుంది. సందు 3% మాత్రమే కాబట్టి ఆ 11 మి.మీ. నీరు రాతిలో దాదాపు 37 సెం.మీ. మట్టంగా కనిపిస్తుంది. బావిలో తాడు వేసి చూసినవాళ్లకు గొప్పగా అనిపిస్తుంది. పెరిగింది మట్టం, నీరు కాదు. వాన లెక్కను, రాతి లెక్కను పక్కపక్కన పెట్టినప్పుడే ఈ తేడా బయటపడుతుంది. ఒక్క హైడ్రోజియలాజికల్ కాగితంతోనే ఏడాది పంట నిర్ణయించకూడదని అనేది ఇందుకే.

అపోహ: వాన పడకపోతే అది హైడ్రలాజికల్ కరువు.

వాన దీర్ఘకాల సగటులో 75% కంటే తక్కువైతే అది వాతావరణ కరువు. పైరుకు తేమ అందకపోతే వ్యవసాయ కరువు. చెరువులు, వాగులు, జలాశయాలు, బావులు అడుగంటితే హైడ్రలాజికల్ కరువు. ఈ మూడూ ఒకేసారి రావాలని లేదు. నెల్లూరులో వాన మొహం చాటేసినా సోమశిలలో నీళ్లుంటే డెల్టా పంట నిలబడుతుంది. సోమశిల సామర్థ్యం 78 టీఎంసీలు, కండలేరు 68. వాటిలో చేరేది ఈ జిల్లా వాన మాత్రమే కాదు. కర్ణాటకలోని నంది కొండల్లో పుట్టిన పెన్న పరీవాహకం, అంటే వాన నీరు ఆ నదిలోకి చేరే నేలంతా, దాదాపు 55 వేల చదరపు కిలోమీటర్లు. దానికి తోడు శ్రీశైలం నుంచి పోతిరెడ్డిపాడు మీదుగా వచ్చే కృష్ణా నీరు. మండలం గీత, జిల్లా గీత నీటికి తెలియవు. దానికి తెలిసిన గీత పరీవాహకం ఒక్కటే. పోతిరెడ్డిపాడులో గేట్లు ఎత్తారా లేదా అనేది నెల్లూరు రైతుకు వాన వార్త కంటే పెద్ద వార్త.

పాత ప్రకాశం జిల్లా పడమటి వైపు దీనికి తలకిందులు. ఈ ఏడు వాన బాగా పడినా, నిరుటి దాకా తోడేసిన బోర్లు వెంటనే కోలుకోవు. వాతావరణ కరువు తీరిపోతుంది, హైడ్రలాజికల్ కరువు ఇంకో ఏడాది ఉంటుంది. ఆకాశం చూసి మిరప వేసి, జనవరిలో ట్యాంకర్ల కోసం పరుగెత్తేది ఈ తేడా తెలియకే.

హైడ్రలాజికల్ సంవత్సరం కూడా జనవరిలో మొదలవదు. మన దగ్గర జూన్ నుంచి మే వరకు. నైరుతీ, ఈశాన్యమూ రెండూ ఒకే పద్దులో పడి, ఆ వాననీటితో రబీలో వాడుకున్నదీ అదే పద్దులో తేలుతుంది. నెల్లూరులో ఏడాది వానలో సగానికి పైగా అక్టోబరు నుంచి డిసెంబరు లోపు పడుతుంది. అందువల్ల నవంబరులో తీసిన మట్టాన్ని ‘వానల తర్వాతి మట్టం’ అనడం ఇక్కడ కుదరదు, అది వాన మధ్యలో తీసిన కొలత. జనవరి కొలత అడగండి.

అపోహ: తీరంలో నీళ్లు ఉప్పగా మారితే ఇంకా లోతుకు వేస్తే సరి.

వేస్తే పూర్తిగా చెడుతుంది. మంచినీరు తేలిక, సముద్రపు నీరు బరువు. ఇసుక నేలలో మంచినీటి మట్టం సముద్ర మట్టం కంటే ఒక మీటరు పైన ఉంటే, అడుగున సుమారు 40 మీటర్ల దాకా మంచినీరు తేలుతూ ఉంటుంది. మోటారుతో ఆ ఒక్క మీటరు దించేస్తే అడుగు నుంచి ఉప్పు నీరు పైకి ఉబుకుతుంది. తీరప్రాంతపు పాత దొరువులు ఇందుకే తెలివైనవి. ఇసుకలో లోతు తక్కువ గుంట తవ్వి పైపై తేటనే ముంచుకుంటారు. దాన్నే మెరుగుపరిచి, గుంట చుట్టూ చిల్లుల గొట్టాలు అడ్డంగా పరిచి, నాలుగు వైపుల నుంచీ కొద్దికొద్దిగా నీరు చేరేలా చేస్తున్నారు. ఒక్కచోట లోతుకు గుంజరు. విడవలూరు, ఇందుకూరుపేట వైపు ఇసుక పొలాల్లో బోరు మాట ఎత్తేముందు దొరువు మాట ఎత్తాలి.

అపోహ: లోతు బోరులో ఫ్లోరైడు ఉండదు.

నీరు గ్రానైటును ఎంతకాలం అంటిపెట్టుకుని ఉంటే అంత ఫ్లోరైడు కరిగే వీలుంది, కాబట్టి లోతుకు పోతే పెరగనూ వచ్చు. తాగునీటిలో లీటరుకు 1 మి.గ్రా. దాకా మంచిది, వేరే దారి లేనప్పుడు 1.5 వరకు. కాచితే తగ్గదు, నీరు ఆవిరై ఇంకా చిక్కబడుతుంది. ఈ పరీక్ష కావాలంటే దరఖాస్తులో ‘హైడ్రోకెమికల్’ అని రాయండి, లేదా ‘నీటి నాణ్యత పరీక్ష’ అని తెలుగులోనే రాయండి.

ఇక రిపోర్టు చేతికొచ్చినప్పుడు చూడాల్సినవి. బోరు కోసమైతే మేకుల దూరాల పట్టిక, గ్రాఫు, చుట్టూ ఉన్న బావుల లోతు, దిగుబడి, ఉప్పు శాతం ఉండాలి. దగ్గరలో ప్రభుత్వ తాగునీటి బోరు ఉంటే దూరం రాసి ఉండాలి, 250 మీటర్ల లోపైతే వాల్టా (నీరు, భూమి, చెట్ల) చట్టం అడ్డొస్తుంది. హైడ్రలాజికల్ అని పేరు పెట్టారంటే కనీసం వర్షమాపకం ఉన్న ఊరు పేరు, ఎన్నేళ్ల వాన, పరీవాహకం మ్యాపు, పారే నీటి అంచనా ఉండాలి. ఈ నాలుగూ లేకపోతే సంతకం పెట్టినవాళ్లనే పేరు మార్చి ఇవ్వమనండి. పెద్ద పనేం కాదు, మొదటి పేజీ మళ్లీ ప్రింటు తీయడమే.