రోబేర్ లెపాజ్ నాటకాలు ఎలా తయారవుతాయి? కొన్ని అపోహలు, వాస్తవాలు

నాటకాలకు దర్శకత్వం వహించడం, కొత్త నటులకు శిక్షణ ఇవ్వడం నా వృత్తి. కెనడాకు చెందిన నాటక రచయిత, నటుడు, దర్శకుడు రోబేర్ లెపాజ్ గురించి నా దగ్గరకు వచ్చే యువతీయువకులు అడిగే ప్రశ్నల్లో చాలా వరకు ఆయన ప్రదర్శనల వీడియో తునకలు చూసి ఏర్పరచుకున్న అభిప్రాయాల నుంచి పుట్టినవే. కొందరు ఆయనను యంత్రాల మాంత్రికుడిగా, మరికొందరు అన్నీ ఒంటిచేత్తో చక్కబెట్టుకునే మేధావిగా ఊహించుకుంటారు. ఈ ఊహల వల్ల ఆయన దగ్గర నిజంగా నేర్చుకోవలసింది మరుగున పడిపోతోంది. నా దృష్టిలో ఆయన వృత్తిజీవితపు సారమంతా ఒక్క విషయంలో ఉంది: ఆయన బృందంలో రాయడం, నటించడం, దర్శకత్వం వహించడం అనే మూడు పనులూ ఒకే గదిలో, ఒకే సమయంలో, ఒకదానిలోకి మరొకటి చొరబడుతూ జరుగుతాయి.

అపోహ: నాటకం ముందు కాగితం మీద పూర్తి కావాలి, నటులు, దర్శకుడు ఆ తరువాతే రంగంలోకి దిగాలి.

వాస్తవం: మన దగ్గర నాటిక అంటే రాతప్రతి చేతికి రావడం, పాత్రలు పంచుకోవడం, పోర్షను కంఠతా పట్టడం, ఆ తరువాత కదలికలు ఖాయం చేసుకోవడం అనే వరుస స్థిరపడిపోయింది కాబట్టి ఈ నమ్మకం సహజమే. లెపాజ్ నేర్చుకున్న దారి వేరు. 1957 డిసెంబరు 12న, ఫ్రెంచి మాట్లాడే కెబెక్ నగరంలో ఒక టాక్సీ డ్రైవర్ ఇంట పుట్టిన ఆయన, అదే ఊళ్లోని నాటక విద్యాలయంలో 1975 నుంచి 1978 వరకు చదువుకున్నారు. బయటికి వచ్చాక ఏ నాటక సంస్థా పిలిచి అవకాశం ఇవ్వకపోవడంతో, సహాధ్యాయి రిషార్ ఫ్రెషెట్‌తో కలిసి పారిస్ వెళ్లి అలాన్ నాప్ నిర్వహించిన శిక్షణ శిబిరంలో చేరారు. నటుడు తన పాత్రను నటిస్తూనే దానిని రాయగలగాలి, బయటి నుంచి చూసి దిద్దుకోగలగాలి అన్నది నాప్ బోధన. అక్కడి నుంచి తిరిగి వచ్చిన కొన్నేళ్లకు, జాక్ లెసార్ 1980లో స్థాపించిన ‘థియేటర్ రెపేర్’ అనే బృందంలో లెపాజ్ చేరారు. ఆ బృందం పద్ధతిలో నాటకానికి మొదలు ఒక ఇతివృత్తమో సందేశమో కాదు. చేత్తో పట్టుకోగలిగిన వస్తువు గాని, కాళ్లతో నిలబడగలిగిన స్థలం గాని ముందు ఉండాలి. దానితో నటులు ఆశువుగా ఆడుకుంటూ పోతే, వచ్చిన వాటిలో నిలిచేవి ఏరుకుంటారు, పారేసేవి పారేస్తారు, మిగిలినది ప్రేక్షకుల ముందు పెడతారు.

‘డ్రాగన్స్ ట్రిలజీ’ అనే నాటకం ఈ విధంగానే పుట్టింది. కెబెక్ నగరంలో ఒకప్పుడు చైనీయుల పేట ఉన్న చోట ఆ తరువాత కార్లు నిలిపే స్థలం ఏర్పడింది. ఆ నేలను తవ్వితే ఏముంటుంది అన్నదే బృందం వేసుకున్న మొదటి ప్రశ్న. వేదికంతా ఇసుక పరిచిన దీర్ఘచతురస్రం, ఒక పక్కన కాపలాదారు గది, అంతే. ఇద్దరు చిన్నపిల్లలు చెప్పుల పెట్టెలను వరుసగా పేర్చి వాటినే తమ వీధిలోని దుకాణాలుగా చేసుకుని ఆడుకునే దృశ్యంతో కథ కదులుతుంది. ఆ పెట్టెల మధ్య నుంచే ఒక ఊరు మొత్తం ప్రేక్షకుడి కళ్లముందు నిలుస్తుంది. తరువాత కెబెక్, టొరంటో, వాంకూవర్ అనే మూడు నగరాల మీదుగా, ఇరవయ్యో శతాబ్దంలోని పలు దశాబ్దాల మీదుగా నాటకం సాగుతుంది. యుద్ధకాలపు ఘట్టంలో, నేల మీద పేర్చిన చెప్పుల మీదుగా మంచు మీద జారేందుకు వాడే స్కేట్లు వేసుకున్న సైనికులు కవాతు చేస్తారు. ఆ ఉక్కు అంచుల కింద చెప్పులు చెల్లాచెదురై నలిగిపోతాయి. ఒక్క మాట కూడా లేని ఆ దృశ్యాన్ని ఏ రచయితా బల్ల ముందు కూర్చుని రాసి ఉండడని నేను గట్టిగా నమ్ముతాను, ఎందుకంటే అది స్కేట్లు, చెప్పులు ఒకే గదిలో నటుల చేతికి అందినప్పుడు మాత్రమే తట్టే ఆలోచన.

ఈ నాటకం 1985లో సుమారు గంటన్నర నిడివితో ప్రేక్షకుల ముందుకు వచ్చింది. 1986 నాటికి మూడు గంటలైంది. 1987లో మాంట్రియల్ ఓడరేవులోని ఒక గిడ్డంగిలో ఆడినప్పుడు ఆరు గంటలకు చేరింది. నిడివి పెరగడం గొప్పతనమని నేను అనడం లేదు. ప్రదర్శన మొదలయ్యాక కూడా రచన ఆగలేదన్నదే గమనించవలసిన విషయం.

అపోహ: రచన, నటన, దర్శకత్వం ఒక్కరే చేశారంటే ఆ నాటకం ఒక్కరిదే.

వాస్తవం: పైన చెప్పిన నాటకానికి రచయితలుగా ఆరుగురి పేర్లు ఉన్నాయి: మారీ బ్రసార్, జాన్ కాసో, లొరేన్ కోతే, మారీ గిన్యాక్, మారీ మిషో, లెపాజ్. వారిలో చాలామంది వేదిక మీద నటించినవారే. 1994లో ఆయన ‘ఎక్స్ మాకినా’ సంస్థను స్థాపించినప్పుడు కూడా నటులతో పాటు రంగాలంకరణ, కాంతి, ధ్వని, తోలుబొమ్మల నిపుణులను మొదటి రోజు నుంచే రిహార్సల్ గదిలోకి తీసుకువచ్చారు. మన నాటకాల్లో లైటింగ్ చేసేవారు ప్రదర్శన రోజు సాయంత్రం వచ్చి, దర్శకుడు చెప్పిన నాలుగు ముక్కలు విని పని కానిచ్చేస్తుంటారు. కాంతి ఎక్కడి నుంచి వస్తుందో తెలియకుండా ఆ దృశ్యాన్ని రాయడం సాధ్యం కాదని భావించే సంప్రదాయం లెపాజ్‌ది. ఒంటరి ప్రదర్శనల్లో కూడా తెర వెనుక పనిచేసేవారు నటుడి ప్రతి కదలికనూ లెక్క ప్రకారం పంచుకుంటారు. వారిలో ఒక్కరు ఒక్క క్షణం తప్పినా వేదిక మీద ఉన్న ఒక్క నటుడు నిస్సహాయుడవుతాడు.

అపోహ: లెపాజ్ నాటకాలన్నీ ఖరీదైన సాంకేతిక పరిజ్ఞానం మీదే నిలబడతాయి.

వాస్తవం: ఈ అపోహకు కారణం ఉంది. న్యూయార్క్ మెట్రోపాలిటన్ ఒపెరాలో 2010 నుంచి 2012 వరకు జర్మన్ స్వరకర్త వాగ్నర్ రాసిన నాలుగు సంగీత నాటకాల (ఒపెరాల) వరుస ‘రింగ్’కు ఆయన దర్శకత్వం వహించినప్పుడు, కార్ల్ ఫియోన్ రూపొందించిన వేదికలో విడివిడిగా తిరిగే 24 పలకలు, సుమారు 45 టన్నుల బరువు ఉండేవి. దానిని మోయడానికి వేదిక అడుగు భాగాన్ని పటిష్ఠం చేయవలసి వచ్చింది. తొలి ప్రదర్శన రాత్రే చివరి ఘట్టంలో యంత్రం సహకరించకపోవడంతో, దేవతలు ఇంద్రధనుస్సు వంతెన మీదుగా నడిచి వెళ్లవలసిన దృశ్యం అనుకున్నట్టు జరగలేదు. ఆ యంత్రం కొన్ని చోట్ల అద్భుతంగా ఉపయోగపడింది గాని, గాయకులకు, పాత్రలకు దక్కవలసిన శ్రద్ధలో కొంత భాగాన్ని అది లాగేసుకుందన్నది నా అభిప్రాయం.

ఆయన అసలు శక్తిని చూడాలంటే 2000 సంవత్సరంలో మొదలైన ‘చంద్రుని ఆవలి ముఖం’ అనే ఒంటరి నాటకాన్ని చూడాలి. తల్లి చనిపోయాక మిగిలిన ఇద్దరు అన్నదమ్ముల కథ అది. ఒకరు అంతరిక్ష పోటీ మీద పరిశోధన చేస్తూ చిన్న ఉద్యోగాలతో నెట్టుకొచ్చే మనిషి, మరొకరు టెలివిజన్‌లో వాతావరణ వార్తలు చెప్పే మనిషి. ఇద్దరినీ, తల్లిని కూడా ఒకే నటుడు పోషిస్తాడు. వేదిక మీద బట్టలు ఉతికే యంత్రపు గుండ్రటి గాజు తలుపు ఒకటి ఉంటుంది. అదే తరువాత చేపల తొట్టి అవుతుంది, అంతరిక్ష నౌక కిటికీ అవుతుంది, ఒక చోట దానిలో నుంచి చిన్న వ్యోమగామి బొమ్మ బయటికి వస్తే తల్లి దానిని బిడ్డలా అందుకుంటుంది. ఇస్త్రీ బల్ల వ్యాయామశాల పరికరంగా మారుతుంది. చివరలో నటుడు నేల మీద పడుకుని మెల్లగా దొర్లుతూ, చేతులు చాపుతూ, కాళ్లు ముడుచుకుంటూ ఉంటాడు. అతని పైన వాలుగా నిలిపిన పెద్ద అద్దంలో చూస్తున్న మనకు మాత్రం అతను బరువు కోల్పోయి శూన్యంలో తేలుతున్నట్టు కనిపిస్తాడు. ఈ భ్రమకు మోటారు అక్కర్లేదు, కంప్యూటర్ అక్కర్లేదు. ఒక అద్దం, క్రమశిక్షణ గల శరీరం, వాటి మధ్య కోణం ఎంత ఉండాలో తెలిసిన కన్ను ఉన్నాయి. తెరలు, తీగల ఆధారంగా సురభి కుటుంబాలు ‘మాయాబజార్’లో తరతరాలుగా చూపించిన అబ్బురాన్ని ఎరిగిన తెలుగు ప్రేక్షకులకు ఈ రహస్యం కొత్తేమీ కాదు. ఈ నాటకం వేయడానికి కావలసిన సామగ్రిలో చాలా వరకు మన జిల్లా కేంద్రాల్లో దొరుకుతుందని నా విద్యార్థులకు చెబుతుంటాను, అద్దాన్ని సరైన కోణంలో నిలబెట్టడానికి పట్టే ఓపిక సంగతి కూడా అప్పుడే చెబుతాను.

అపోహ: ఇంత పేరున్న కళాకారుడికి అపజయాలు ఉండవు.

వాస్తవం: హిరోషిమా విషాదం చుట్టూ అల్లిన ‘ఓటా నది ఏడు పాయలు’ 1994లో ఎడిన్‌బరో ఉత్సవంలో తొలిసారి ఆడినప్పుడు అది అసంపూర్ణంగా ఉందని విమర్శకులు గట్టిగానే చెప్పారు. రెండేళ్లలో అది ఏడు గంటల నాటకంగా ఎదిగి, ఆయన ఉత్తమ రచనల్లో ఒకటిగా గుర్తింపు పొందింది. ‘హామ్లెట్’ ఆధారంగా చేసిన ఒంటరి నాటకం ‘ఎల్సినోర్’ను 1996లో అదే ఎడిన్‌బరోలో యాంత్రిక లోపం కారణంగా రద్దు చేయవలసి వచ్చింది.

ఇక్కడ ఆర్థిక విషయం ఒకటి తెలుసుకోవాలి. ఎక్స్ మాకినా నాటకాలకు వివిధ దేశాల ఉత్సవాలు, నాటకశాలలు సహనిర్మాతలుగా ముందే కొంత డబ్బు పెడతాయి. కాబట్టి ప్రదర్శన ఊరూరా తిరగడం, నాటకం మెరుగుపడడం ఏకకాలంలో జరుగుతాయి. దీనివల్ల బృందానికి మేలు జరుగుతుంది గాని, మొదటి ఊరి ప్రేక్షకుడు పూర్తి ధర పెట్టి సగం నాటకం చూస్తాడు. నిర్మాణ దశలో ఉన్న నాటకమని టికెట్ మీదే స్పష్టంగా చెప్పడం ధర్మమని నేను భావిస్తాను.

అపోహ: ప్రపంచ స్థాయికి చేరాలంటే పారిస్‌లోనో న్యూయార్క్‌లోనో స్థిరపడాలి.

వాస్తవం: లెపాజ్ కెబెక్ నగరాన్ని వదలలేదు. 1992లో లండన్ నేషనల్ థియేటర్‌లో ‘ఎ మిడ్‌సమ్మర్ నైట్స్ డ్రీమ్’ను బురద, నీళ్ల మధ్య ప్రదర్శించి, అక్కడ షేక్‌స్పియర్‌కు దర్శకత్వం వహించిన మొదటి ఉత్తర అమెరికా వాసిగా పేరు పొందిన తరువాత కూడా ఆయన తన సంస్థను సొంత ఊళ్లోనే పెట్టుకున్నారు. 1997లో అక్కడి పాత అగ్నిమాపక కేంద్రం ఆ సంస్థకు పనిస్థలమైంది. 2019లో అదే ఊళ్లో ‘లె డియామాన్’ నాటకశాల ప్రారంభమైంది.

అపోహ: కళాకారుడికి ఎవరి కథనైనా చెప్పే స్వేచ్ఛ ఉంది కాబట్టి, ఎవరినీ అడగనవసరం లేదు.

వాస్తవం: 2018 వేసవిలో జరిగిన రెండు సంఘటనలు ఈ విషయాన్ని బహిరంగ చర్చకు తెచ్చాయి. నల్లజాతి బానిసల పాటల ఆధారంగా లెపాజ్ దర్శకత్వం వహించిన ‘స్లావ్’ ప్రదర్శనలో గాయనీమణుల్లో అత్యధికులు తెల్లవారు కావడంతో నిరసనలు చెలరేగాయి, మాంట్రియల్ జాజ్ ఉత్సవం దానిని రద్దు చేసింది. ఆ వెంటనే, కెనడా మూలవాసుల చరిత్ర మీద పారిస్‌లోని ‘థియేటర్ దు సొలైల్’ బృందంతో ఆయన తయారుచేస్తున్న ‘కనాటా’లో మూలవాసులే లేరని వారి కళాకారులు, మేధావులు బహిరంగ లేఖ రాశారు. ఉత్తర అమెరికాకు చెందిన సహనిర్మాతలు వెనక్కి తగ్గారు. నాటకం మాత్రం మారిన రూపంలో ఆ ఏడాది డిసెంబరులో పారిస్‌లో ప్రదర్శితమైంది.

దీనిని స్వేచ్ఛకూ నియంత్రణకూ మధ్య పోరాటంగా చిత్రించినవారు చాలామందే ఉన్నారు. నేను దీనిని మా వృత్తి వైపు నుంచి చూస్తాను. గదిలో ఉన్నవారే నాటకాన్ని రాస్తారన్నది లెపాజ్ పద్ధతికి ప్రాణం. అటువంటప్పుడు గదిలో ఎవరు లేరన్నది నాటకంలో ఖాళీగా మిగిలిపోక తప్పదు. ‘డ్రాగన్స్ ట్రిలజీ’లోని చైనీయుల చిత్రణ మీద కూడా విమర్శకులు ఇటువంటి ప్రశ్నలే వేశారు. 2018 డిసెంబరు చివరలో లెపాజ్ ఒక బహిరంగ లేఖ రాసి, ‘స్లావ్’ విషయంలో పొరపాట్లు జరిగాయని ఒప్పుకున్నారు, నిరసన తెలిపిన వారితో సమావేశమయ్యారు, ప్రదర్శనను సవరించారు. ప్రేక్షకుల ముందు పెట్టిన తరువాత దిద్దుకోవడం ఆయనకు మొదటి నుంచీ అలవాటే. ఈసారి దిద్దుబాటు వేదిక బయట ఉన్నవారి మాట వినడంతో మొదలైంది.

అపోహ: దర్శకుడిగా ఎదిగాక నటనను వదిలేయాలి.

వాస్తవం: ఒంటరి నాటకాలను లెపాజ్ తానే మొదట నటించి, తరువాత ఇతరులకు అప్పగిస్తూ వచ్చారు. ‘చంద్రుని ఆవలి ముఖం’ పాత్రను ఈవ్ జాక్, 1991 నాటి ‘నీడిల్స్ అండ్ ఓపియం’ పాత్రను మార్క్ లాబ్రెష్ తీసుకుని దేశదేశాల్లో ప్రదర్శించారు. తన శరీరంతో పరీక్షించి చూసిన పాత్రను మరొకరిలో చూస్తున్నప్పుడు దర్శకుడికి కనిపించే లోపాలు వేరుగా ఉంటాయని, స్వయంగా నటించే ప్రతి దర్శకుడికీ తెలుసు. అయినా 2015లో, చిన్ననాటి ఇంటి చిరునామానే పేరుగా పెట్టుకున్న ‘887’ కోసం ఆయన మళ్లీ ఒంటరిగా వేదిక ఎక్కారు. తాము నివసించిన భవనం నమూనా చుట్టూ తిరుగుతూ, దాని కిటికీల్లో ఇరుగుపొరుగును చూపిస్తూ, టాక్సీ నడిపే తండ్రిని గుర్తుచేసుకుంటూ, ఇంగ్లీషు ఆధిపత్యాన్ని నిలదీసిన మిషెల్ లలోండ్ కవిత ‘స్పీక్ వైట్’ను కంఠతా పట్టలేక అవస్థపడే నటుడిగా ఆయన కనిపిస్తారు. పోర్షను గుర్తుండకపోవడమనే నటుడి భయమే అక్కడ కథకు ఆధారమైంది, జ్ఞాపకం ఎలా పనిచేస్తుందన్న ప్రశ్న రచనకు దారి చూపింది, తిరిగే ఆ చిన్న భవనం దర్శకుడికి రంగస్థలమైంది. నాటకం చివరికి వచ్చేసరికి ఆయన ఆ కవితను మొదటి నుంచి చివరి వరకు, ఎక్కడా తడబడకుండా, పూర్తి గొంతుతో చదువుతారు.