సూషీ క్లాసులో అసలు పాఠం అన్నానిదే

టోక్యో వెళ్లే పర్యాటకుల ప్లానులో గుళ్లూ, టవర్లతో పాటు ఈమధ్య సూషీ క్లాసు కూడా చేరింది. సూషీ అంటే పులుపు పట్టించిన అన్నంతో చేసే జపాన్ వంట. సుకిజిలోని చేపల టోకు మార్కెట్ 2018 అక్టోబరులో తొయొసుకు తరలిపోయినా, దాన్ని ఆనుకుని పెరిగిన బయటి మార్కెట్ సందులు అక్కడే ఉన్నాయి. ఆ చుట్టుపక్కల, అసకుసా వైపు ఇలాంటి క్లాసులు చాలానే నడుస్తాయి. రెండు గంటలకు అటూ ఇటూగా ఉంటాయి. ఏప్రన్ కట్టి నిలబెడతారు. ఎదురుగా కోసిపెట్టిన ట్యూనా, సాల్మన్ ముక్కలు, ఓ గిన్నెలో అన్నం. అందరి కళ్లూ, ఫోన్లూ చేప మీదే ఉంటాయి. నేర్పే ఆయన మాత్రం అన్నం గురించి మాట్లాడుతూనే ఉంటాడు.

ఆయన చెప్పేదే నిజం. దోసకాయతో సూషీ ఉంది, గుడ్డట్టుతో ఉంది. అన్నం లేని సూషీ లేదు. ఉత్త చేప ముక్కలు పెడితే దాన్ని సషిమి అంటారు, అది వేరే వంట. పైగా క్లాసుకొచ్చేసరికి చేప సంగతి దాదాపు తేలిపోయి ఉంటుంది. దాన్ని ఎలా పట్టారు, ఎలా చంపారు, ఎంత చల్లగా ఉంచారు అన్నవన్నీ మన ప్రమేయం లేకుండా జరిగిపోయినవే. మన చేతుల్లో బాగుపడేదీ, పాడయ్యేదీ అన్నం ఒక్కటే.

మూడు పూటలా అన్నం తినే మనకు అన్నం గురించి ఒకరు చెప్పాలా అనిపిస్తుంది. కానీ మనం మెచ్చుకునే అన్నం వేరు. మెతుకు మెతుకుకీ అంటకుండా, పొడిపొడిగా ఉండాలి మనకు. బియ్యంలోని స్టార్చ్‌లో రెండు రకాల అణువులుంటాయి. పొడవాటి గొలుసులా ఉండేది ఎమైలోజ్, కొమ్మలు కొమ్మలుగా చీలి ఉండేది ఎమైలోపెక్టిన్. ఎమైలోజ్ ఎక్కువైతే ఉడికిన మెతుకు గట్టిగా, విడివిడిగా నిలబడుతుంది. ఎమైలోపెక్టిన్ ఉడికేటప్పుడు మెతుకు పైకి వచ్చి జిగురు పూతలా పట్టుకుంటుంది. బాపట్ల పరిశోధన కేంద్రం నుంచి 1986లో విడుదలై మన ఇళ్లలో స్థిరపడిన సాంబ మసూరి, అంటే బీపీటీ 5204లో ఎమైలోజ్ 20 శాతం పైనే ఉంటుంది. జపాన్‌లో 1956లో నమోదైన కొషిహికరిలో సుమారు 17 శాతం. ఆ కొద్ది శాతాల తేడా వల్లే ఒకటి పప్పు కలుపుకోవడానికి, ఇంకొకటి చాప్‌స్టిక్స్‌తో ముద్దగా ఎత్తుకోవడానికి పనికొస్తాయి. ఎమైలోజ్ దాదాపు లేని బియ్యం కూడా జపాన్‌లో ఉంది. దాన్ని ఉడికించి దంచి, మోచి అనే సాగే ముద్దలు చేస్తారు. సూషీకి అంత జిగురూ పనికిరాదు.

అందుకే బియ్యం నీళ్లు తేటపడేదాకా కడుగుతారు. గింజల రాపిడికి రాలిన పిండి పైన మిగిలితే ఉడికాక బంకగా మారుతుంది. వాళ్లకు కావలసింది మెతుకు ఒంటికి పట్టి ఉన్న జిగురే, మెతుకుల మధ్య గంజి కాదు. వండిన అన్నాన్ని సవర అనే చెట్టు కలపతో చేసిన వెడల్పాటి తొట్టిలోకి తిరగేస్తారు. పూత వేయని ఆ చెక్క ఎక్కువైన తడిని పీల్చుకుంటుంది. అన్నం పొగలు కక్కుతుండగానే వెనిగర్, చక్కెర, ఉప్పు కలిపిన రసం చల్లుతారు. వేడిగా ఉన్నప్పుడు మెతుకు ఉబ్బి, మెత్తగా ఉంటుంది కాబట్టి రసం లోపలికి ఇంకుతుంది. చల్లారాక స్టార్చ్ బిగుసుకుంటుంది, అప్పుడు పోస్తే రసం అడుగున నిలిచిపోతుంది.

కలపడం కూడా మన పులిహోర కలిపినట్టు కాదు. చెక్క హస్తాన్ని పక్కకు తిప్పి, అన్నాన్ని కోస్తున్నట్టుగా అడ్డంగా కదుపుతారు. నలిపితే మెతుకు చిట్లి లోపలి పిండి బయటికొస్తుంది. పక్కన ఒకరు విసనకర్రతో విసురుతుంటారు. ఫొటోలకు బాగుంటుందని చేసేది కాదది. పైనున్న నీరు త్వరగా ఆవిరై మెతుకుకు మెరుపు వస్తుంది. చేతికి గోరువెచ్చగా, ఇంచుమించు ఒంటి వేడికి దిగాక సూషీ చేయడం మొదలుపెడతారు.

ఈ పులుపు రుచి కోసమే పుట్టిందనుకుంటే పొరపాటు. మొదట అన్నం వచ్చింది చేపను నిలవ చేయడానికి. ఉప్పు పట్టించిన చేపల్ని వండిన అన్నంలో పొరలు పొరలుగా నెలల తరబడి అదిమి ఉంచితే, అన్నంలోని పిండిని తిని పెరిగే లాక్టిక్ బ్యాక్టీరియా ఆమ్లాన్ని వదిలి, కుళ్లబెట్టే సూక్ష్మజీవుల్ని దగ్గరికి రానివ్వదు. చద్దన్నంలో, తరవాణిలో పులుపు పుట్టించేదీ ఈ బ్యాక్టీరియా తెగే. ఆగ్నేయాసియాలో వరి పండే చోట్ల ఈ పద్ధతి మొదలై జపాన్ చేరిందని చాలామంది పండితుల అభిప్రాయం. షిగా ప్రాంతంలో బివా సరస్సు చేపలతో చేసే ఫునజుషి ఇప్పటికీ ఆ పాత రూపమే. వాసన మాత్రం మామూలుగా ఉండదు. అందులో తినేది ప్రధానంగా చేపనే, పులిసి మెత్తబడిన అన్నాన్ని చాలావరకు తీసేసేవారు.

నెలలు ఆగే ఓపిక తగ్గేకొద్దీ పులియబెట్టే కాలం తగ్గుతూ వచ్చింది. ఎదో నగరంలో, అంటే నేటి టోక్యోలో, అన్నం పులిసేదాకా ఆగకుండా వెనిగర్ పోసి ఆ పులుపు తెచ్చేశారు. 1804లో హందా ఊళ్లో సాకే అనే బియ్యపు మద్యం తయారు చేసే నకనో మతజఎమోన్ అనే వ్యాపారి, అది తీయగా మిగిలిన పిప్పితో వెనిగర్ చేయడం మొదలుపెట్టాడు. బియ్యం వెనిగర్ కన్నా అది చవక. కొంచెం ఎర్రగా ఉండేది. 1820ల్లో ఎదోలో హనయ యోహేయ్ చేత్తో ఒత్తిన అన్నం ముద్ద మీద చేప ముక్క పెట్టి అమ్మి పేరు తెచ్చుకున్నాడు. ఇప్పుడు మనం నేర్చుకునే నిగిరి అదే. అప్పట్లో ఫ్రిజ్‌లు లేవు కాబట్టి ఆ చేప కూడా పూర్తి పచ్చిది కాదు. ట్యూనాను సోయా సాస్‌లో నానబెట్టేవారు, చిన్న చేపల్ని ఉప్పూ వెనిగర్‌లో ఊరబెట్టేవారు.

వెనిగర్ ఇప్పటికీ కాపలా ఉద్యోగం మానలేదు. బియ్యంలో బాసిల్లస్ సీరియస్ అనే బ్యాక్టీరియా బీజాలుంటాయి. వంట వేడికి కూడా అవి చావవు. అన్నం గంటల తరబడి వెచ్చగా ఉంటే మొలిచి, పెరిగి, వాంతులు తెప్పించే విషాన్ని వదులుతాయి. ఆ విషం మళ్లీ వేడి చేసినా పోదు. పులుపును కొలిచే అంకె పీహెచ్, పులుపు పెరిగేకొద్దీ అది తగ్గుతుంది. సూషీ అన్నం పీహెచ్ 4.6 కంటే తక్కువలో ఉంటే అవి పెరగడం చాలా కష్టం. అమెరికాలో చాలాచోట్ల ఆరోగ్య అధికారులు సూషీ హోటళ్ల అన్నానికి పీహెచ్ కొలిచి రాసిపెట్టమనేది ఇందుకే. మరి మామూలు అన్నంలా ఫ్రిజ్‌లో పెట్టేస్తే సరిపోదా? సరిపోదు. 4 డిగ్రీల చలిలో ఉడికిన స్టార్చ్ అణువులు మళ్లీ వరసగా చేరి గట్టిపడతాయి, మెతుకు సుద్దముక్కలా అవుతుంది. చక్కెర నీటిని పట్టి ఉంచి దీన్ని కొంచెం ఆలస్యం చేస్తుందే తప్ప ఆపలేదు.

తర్వాత ఒత్తడం. వెనిగర్ కలిపిన నీళ్లతో చేతులు తడుపుకోవాలి, లేకపోతే అన్నం వేళ్లకే అతుక్కుంటుంది. 15 నుంచి 20 గ్రాముల అన్నం తీసుకోవాలి. క్లాసులో మొదటిసారి అందరూ చేసేది లడ్డూ చుట్టినట్టు గట్టిగా నొక్కడం. అలా చేస్తే చూపుకు బాగుంటుంది, నోట్లో ముద్దగా మిగులుతుంది. అనుభవం ఉన్నవాళ్లు నాలుగైదు కదలికల్లో పైపొర మాత్రమే అతుక్కునేలా, లోపల గాలి మిగిలేలా ఒత్తుతారు. ఎత్తినప్పుడు విడిపోకూడదు, నాలుక తగలగానే విడిపోవాలి. 1981లో జపాన్‌లో సుజుమొ కంపెనీ అన్నం ముద్దలు ఒత్తే యంత్రాన్ని తెచ్చింది. చవక హోటళ్లలో ఇప్పుడు ఆ పని యంత్రాలదే. అవి చేసిన ముద్ద, నిజం చెప్పాలంటే, క్లాసులో మనం చేసే దానికన్నా బాగుంటుంది.

చుట్టే సూషీకి నోరి కావాలి. అది సముద్రపు నాచు, కాగితంలా ఆరబెట్టింది. నిప్పు మీద ఒకసారి చూపితే నల్లటి ఊదా నుంచి పచ్చగా తిరుగుతుంది. ఎర్రటి రంగు పదార్థం వేడికి విరిగిపోయి, క్లోరోఫిల్ బయటపడుతుందన్నమాట. దీని సాగు కథ చెప్పకుండా ఉండలేను. జపాన్ జాలర్లు శతాబ్దాలుగా నోరిని పండించారు కానీ విత్తనం ఎక్కడి నుంచి వస్తుందో ఎవరికీ తెలియదు. శీతాకాలంలో కర్రలకు, వలలకు దానంతటదే పట్టేది, వేసవిలో మాయమయ్యేది. ఒక ఏడు పంట, ఒక ఏడు సున్నా. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత పంట ఘోరంగా పడిపోయింది.

సమాధానం ఇంగ్లండ్ నుంచి వచ్చింది. మాంచెస్టర్ విశ్వవిద్యాలయంలో కాథ్లీన్ డ్రూ బేకర్ అనే శాస్త్రవేత్త ఉండేది. పెళ్లి చేసుకుందని ఉద్యోగం తీసేస్తే, జీతం లేకుండానే పరిశోధన కొనసాగించింది. గవ్వల మీద గులాబీ మచ్చల్లా పెరిగే ఒక సూక్ష్మమైన నాచును అప్పటిదాకా వేరే జాతి అనుకునేవారు. నోరి రకపు నాచు వేసవిలో తలదాచుకునే రూపం అదేనని ఆమె 1949లో ప్రకటించింది. జపాన్ శాస్త్రవేత్తలు వెంటనే అందుకున్నారు. ఆల్చిప్పల్లో ఆ దశను పెంచి, వలలకు బీజాలు పట్టించే పద్ధతి తయారైంది. ఆమె జపాన్‌లో ఎన్నడూ అడుగుపెట్టలేదు, 1957లో చనిపోయింది. కుమమొతో ప్రాంతంలోని ఉతోలో 1963లో ఆమెకు స్మారకం కట్టారు. ఏటా ఏప్రిల్ 14న అక్కడ ఆమెను తలచుకుంటారు. ఉద్యోగం తీసేసిన విశ్వవిద్యాలయం కంటే జాలర్లే ఆమెను ఎక్కువగా గౌరవించారని నా లెక్క.

ఇక చేప. చేప చనిపోయాక దాని కండరాలకు శక్తినిచ్చే ఏటీపీ అనే అణువు విరుగుతూ ఐనోసినేట్ అనే పదార్థంగా పోగవుతుంది. మాంసపు రుచి ఇచ్చేది అదే. 1908లో ఇకెద కికునయే కొంబు అనే నాచులో గ్లూటమేట్ రుచిని కనిపెట్టి ఉమామి అని పేరు పెడితే, ఆయన శిష్యుడు కొదమ షింతరో 1913లో ఎండబెట్టిన చేపలో ఐనోసినేట్‌ను గుర్తించాడు. ఈ రెండూ నాలుక మీద కలిస్తే రుచి కూడిక కాదు, హెచ్చవేతే. సోయా సాస్‌లో గ్లూటమేట్, చేపలో ఐనోసినేట్. సూషీని తిరగేసి చేపవైపు మాత్రమే సాస్‌లో అద్దమని క్లాసులో చెబుతారు. అన్నం వైపు ముంచితే అది సాస్ పీల్చి ఊడిపోతుంది, పైగా ఉప్పు దంచేస్తుంది.

సూషీకి రాసే ఆకుపచ్చ ముద్ద వసాబి. దాని ఘాటు దుంపలో ముందే తయారుగా ఉండదు. తురిమినప్పుడు కణాలు చిట్లి, ఒక ఎంజైము పని మొదలుపెడితే అల్లైల్ ఐసోథయోసైనేట్ పుడుతుంది. అందుకే షార్క్ చర్మం అతికించిన పలక మీద మెత్తగా నూరతారు, కాసేపటికే ఘాటు ఎగిరిపోతుంది. ఆవకాయలో ఆవపిండి ముక్కును పట్టేదీ ఈ కుటుంబపు రసాయనాలతోనే. మామూలు హోటళ్లలో, క్లాసుల్లో పెట్టే ఆకుపచ్చ ముద్ద ఎక్కువగా హార్స్‌రాడిష్ అనే ఇంకో ఘాటు దుంప, ఆవపిండి, రంగు. చెవిటివారిని మంటలప్పుడు నిద్రలేపేందుకు గాలిలో వసాబి వాసన ఎంత చల్లాలో లెక్కగట్టిన జపాన్ బృందానికి 2011లో ఇగ్ నోబెల్ అనే సరదా బహుమతి ఇచ్చారు. నవ్వు తెప్పించినా పనికొచ్చే పరిశోధనే.

వసాబి పురుగుల్ని చంపుతుందని ఎవరైనా అంటే నమ్మకండి. సముద్రపు చేపల్లో అనిసాకిస్ అనే సన్నటి పురుగు ఉంటుంది. కడుపులోకి పోతే గోడకు పట్టుకుని భరించలేని నొప్పి పెడుతుంది. మామూలుగా తినే వసాబికి గానీ, వెనిగర్‌కి గానీ అది చావదు. బాగా ఉడికించాలి, లేదా గడ్డకట్టించాలి. అమెరికా నిబంధన ప్రకారం మైనస్ 20 డిగ్రీల్లో 7 రోజులు, లేదా మైనస్ 35లో 15 గంటలు. జపాన్‌లో ఒకప్పుడు అక్కడి సాల్మన్‌ను పచ్చిగా తినకపోవడానికి ఈ పురుగే కారణం. 1980ల్లో నార్వే వాళ్లు చెరువుల్లాంటి వలల్లో, గుళికల మేతతో పెంచిన సాల్మన్‌ను తెచ్చి ఆ భయం పోగొట్టారు. ఈ రోజు క్లాసులో అందరికన్నా ముందు అయిపోయే నారింజ రంగు ముక్క చరిత్ర ఇంతే, నలభై ఏళ్లు.

క్లాసు ఎంచుకునేవాళ్లకు నా సలహా ఒకటే. అన్నం అక్కడే కలపనిస్తారా, ముందే కలిపి పెడతారా అని అడగండి. చాలావాటిలో టైము చాలదని కలిపిన అన్నమే ఇస్తారు, అప్పుడు మిగిలేది అలంకరణే. శాకాహారులు దోసకాయ, అవకాడో చుట్టలు అడగవచ్చు. కానీ గుడ్డట్టులో, కొన్ని సాస్‌లలో చేపతో కాచిన దాషి రసం ఉంటుంది, ముందే చెప్పాలి.

ఇంటికొచ్చి ప్రయత్నించాలంటే సాంబ మసూరితో కుదరదు, ఎంత మెత్తగా వండినా చుట్ట విడిపోతుంది. పొట్టి గింజ జపాన్ బియ్యం పెద్ద ఊళ్లలోని సూపర్ మార్కెట్లలో, ఆన్‌లైన్‌లో దొరుకుతోంది. అమెరికాలో ఉన్న మనవాళ్లకు కాల్‌రోజ్ అనే రకం బియ్యం సులువు. రెండు కప్పుల బియ్యానికి పావు కప్పు బియ్యం వెనిగర్, రెండు టేబుల్‌స్పూన్ల చక్కెర, ఒక టీస్పూను ఉప్పు. లోపల దోసకాయ, క్యారెట్, గుడ్డట్టు, వేయించిన రొయ్యలు ఏవైనా పెట్టుకోవచ్చు. పచ్చి చేప జోలికి మాత్రం వెళ్లకండి. రేవులో అప్పుడే దిగిన చేపైనా సరే, తాజాదనానికీ అనిసాకిస్‌కూ సంబంధం లేదు. ఇంటి ఫ్రిజ్‌లో పైగది మైనస్ 18 దగ్గర ఆగి, తలుపు తీసినప్పుడల్లా ఇంకా వేడెక్కుతుంది కాబట్టి ఆ పనికి దాన్ని నమ్ముకోలేం.