కొండ ఎత్తు లెక్క సముద్రం దగ్గర మొదలవుతుంది

చెన్నైలో రైలెక్కే ముందు స్టేషన్ పేరున్న పసుపు బోర్డు కాస్త పరీక్షగా చూడండి, సముద్ర మట్టానికి ఆ చోటు ఎన్ని మీటర్ల ఎత్తులో ఉందో చిన్న అక్షరాల్లో రాసి ఉంటుంది. సెంట్రల్‌లో అది పట్టుమని పది మీటర్లు కూడా ఉండదు. రాత్రి బండెక్కి పొద్దున్నే బెంగళూరులో దిగితే దాదాపు 900! మన తిరుమల ఎత్తు కూడా ఇంచుమించు అంతే. అలిపిరి మెట్ల మీద మోకాళ్ల పర్వతం చేరేసరికి కొండెక్కుతున్నామని ఒంటికి బాగా తెలుస్తుంది గానీ, జోలార్‌పేట, కుప్పం మీదుగా బెంగళూరు వెళ్లినవాళ్లెవరూ కొండెక్కొచ్చామని చెప్పరు.

అంటే ఒక చోటును కొండ అనాలంటే చుట్టూ ఉన్న నేల మీంచి ఎంత లేచింది, ఎంత నిటారుగా లేచింది అన్నది కూడా చూడాలి. ఎన్ని మీటర్లు దాటితే పర్వతం అనాలో ప్రపంచమంతా ఒప్పుకున్న లెక్క లేదు. బ్రిటన్‌లో మామూలుగా 2,000 అడుగులంటారు. ఐక్యరాజ్యసమితి పర్యావరణ విభాగం వాడే లెక్కలో 2,500 మీటర్లు దాటితే నేరుగా పర్వత ప్రాంతమే, అంతకు తక్కువైతే వాలు, చుట్టుపక్కల ఎత్తుపల్లాల తేడా చూస్తారు. నాకు ఈ రెండోదే సరైన పద్ధతి అనిపిస్తుంది.

ఇక కొలవడం. ఈ కథలో చెన్నైకి పెద్ద పాత్రే ఉంది, ఇక్కడివాళ్లు దీన్ని ఇంకా గట్టిగా చెప్పుకోవాలి. 1802 ఏప్రిల్ 10న బ్రిటిష్ సైనికాధికారి విలియం లాంబ్టన్ సెయింట్ థామస్ మౌంట్, అదే పరంగిమలై, దగ్గర చదును నేల మీద వంద అడుగుల ఉక్కు గొలుసు పరిచి సుమారు 12 కిలోమీటర్ల గీత కొలవడం మొదలుపెట్టాడు. త్రిభుజంలో ఒక భుజం పొడవు, రెండు కోణాలు తెలిస్తే మిగతా భుజాలు లెక్కలో వచ్చేస్తాయి కదా, ఆ భుజాల మీద ఇంకో త్రిభుజం, దాని మీద ఇంకోటి, అలా థియోడలైట్‌తో కోణాలు చూసుకుంటూ ఆ సర్వే దశాబ్దాల పాటు సాగి హిమాలయాల దాకా పోయింది. నేపాల్‌లోకి అనుమతి లేక వంద మైళ్లకు పైగా దూరం నుంచి, మైదానంలో నిలబడే శిఖరాల కోణాలు తీసుకున్నారు. గాలిలో కాంతి వంగుతుంది, దానికి సవరణలు చెయ్యాలి. ఆ సర్వేలో గణితం చూసే రాధానాథ్ సిక్దర్ ఆ లెక్కలన్నీ వేసి 1852లో పదిహేనో నంబరు శిఖరమే, అదే మనం ఇప్పుడు ఎవరెస్టు అనేది, అన్నిటికంటే ఎత్తని తేల్చాడు. 1856లో ప్రకటించిన ఎత్తు 29,002 అడుగులు, అంటే 8,840 మీటర్లు. 2020లో నేపాల్, చైనా కలిసి ప్రకటించింది 8,848.86. అంత దూరం నుంచి చూసి తొమ్మిది మీటర్లే తేడా!

సరే, సున్నా ఎక్కడ? సముద్రం రోజూ ఆటుపోట్లతో లేస్తూ పడుతూ ఉంటుంది కాబట్టి ఏళ్ల తరబడి నీటిమట్టం రాసుకుని సగటు తీస్తారు. మన దేశంలో 1909లో స్థిరపరిచిన ఎత్తుల లెక్కకు తొమ్మిది రేవుల్లోని కొలతలు ఆధారం, వాటిలో మద్రాసు, విశాఖపట్నం రెండూ ఉన్నాయి. ఆ సున్నా మార్చితే శిఖరాల వరసే మారిపోతుంది. హవాయిలోని మౌనా కియా సముద్రం పైకి 4,207 మీటర్లే కనిపిస్తుంది, సముద్రగర్భంలోని మొదలు నుంచి కొలిస్తే పది వేలు దాటుతుంది.

జీపీఎస్ వచ్చాక ఈ సున్నా ఇంకా చిక్కుముడి అయింది. ఉపగ్రహాలు భూమిని నున్నటి గణిత ఆకారంగా అనుకుని దాని నుంచి ఎత్తు చెబుతాయి, నిజం సముద్రమేమో గురుత్వాకర్షణ చెప్పినట్టు వింటుంది. హిందూ మహాసముద్రంలో శ్రీలంకకు దక్షిణాన ఆ ఆకర్షణ తక్కువగా ఉండి, నీటిమట్టం ఆ గణిత ఆకారం కంటే వంద మీటర్లకు పైగా కిందికి ఉంటుంది. చెన్నై కూడా ఆ పల్లం పరిధిలోనే ఉంది. ఎవరెస్టును కొత్తగా కొలిచినప్పుడు జీపీఎస్‌తో పాటు గురుత్వాకర్షణను కూడా కొలవాల్సి వచ్చింది ఇలాంటి తేడాల కోసమే. సవరణ చెయ్యని జీపీఎస్ ఆప్ ఏదైనా మెరీనా ఇసుకలో తెరిచి చూస్తే మైనస్ ఎనభై మీటర్లు దాటి చూపిస్తుంది, ఫోన్ పాడైందని టెన్షన్ పడక్కర్లేదు.