సైన్స్ షో స్టేజీ ఎక్కేముందు: అపోహలు - వాస్తవాలు

బెంగళూరులో ఉగాదికి తెలుగు సంఘం స్టేజీ మీదా, అపార్ట్‌మెంట్ క్లబ్‌హౌసుల్లోనూ ఇప్పుడు మిమిక్రీ పక్కన సైన్స్ షో కూడా పెడుతున్నారు. నవ్విస్తూ ప్రయోగాలు చేసే టీవీ కార్యక్రమాలే దానికి నమూనా. ప్రయోగాలు చాలావరకు బాగానే కుదురుతాయి. చిక్కల్లా మైకు పట్టుకున్నాయన చెప్పే వివరణతోనే.

అపోహ: నీళ్ల పళ్లెంలో వెలుగుతున్న కొవ్వొత్తి మీద గ్లాసు బోర్లిస్తే అది ఆక్సిజన్‌ను తినేస్తుంది, ఆ ఖాళీలోకి నీళ్లు ఎక్కుతాయి. గాలిలో ఆక్సిజన్ ఐదో వంతని దీంతో రుజువైపోతుంది.

వాస్తవం: పళ్లెంలో ఒక సెంటీమీటరు లోతు నీళ్లు పోసి, దూరంవాళ్లకు కనపడేలా చిటికెడు కుంకుమ కలపండి. గ్లాసు బోర్లిస్తున్నప్పుడు అంచు దగ్గర చూస్తే బుడగలు బయటికొస్తుంటాయి. మంట వేడికి గాలి ఉబ్బి కొంత పారిపోయిందన్నమాట. మంట ఆరాక మిగిలిన గాలి చల్లబడి ముడుచుకుంటుంది. మండినప్పుడు పుట్టిన ఆవిరి గ్లాసు గోడకు బొట్లుగా అంటుకుంటుంది. అప్పుడు బయటి గాలి నీళ్లను లోపలికి నెడుతుంది. అందుకే నీళ్లు జోరుగా ఎక్కేది మంట ఉన్నప్పుడు కాదు, ఆరాకే. పైగా కొవ్వొత్తి ఆక్సిజన్ అంతా తినదు. గాలిలో 21 శాతం ఉన్నది సుమారు 16 శాతానికి దిగేసరికే కొండెక్కుతుంది. ఆ పోయిన చోటికి కార్బన్ డయాక్సైడ్ వచ్చి కూర్చుంటుంది కూడా. నమ్మనివాళ్ల ముందు అదే గ్లాసు కింద మూడు కొవ్వొత్తులు పెట్టండి, నీళ్లు ఇంకా పైకెక్కుతాయి. కొలిచింది ఆక్సిజన్నే అయితే కొవ్వొత్తుల లెక్కతో మారకూడదు కదా!

అపోహ: బెంగళూరు ఎత్తులో ఉంది, గాలి పలచన. డబ్బా నలిగే ప్రయోగం ఇక్కడ తుస్సుమంటుంది.

బెంగళూరు సముద్ర మట్టానికి సుమారు 900 మీటర్ల ఎత్తున ఉంది. గాలి ఒత్తిడి చెన్నైకన్నా దాదాపు పదో వంతు తక్కువ, నీళ్లు 97 డిగ్రీల దగ్గరే మరుగుతాయి. అయినా చదరపు సెంటీమీటరుకు 900 గ్రాములకు పైగా బరువు డబ్బా మీద పడుతూనే ఉంటుంది, పలచటి అల్యూమినియం కూల్‌డ్రింక్ డబ్బాకు అది చాలు. రెండు టేబుల్‌స్పూన్ల నీళ్లు పోసి, మూతి నుంచి ఆవిరి ఆగకుండా ఒక నిమిషం వచ్చేదాకా వేడిచేసి, పటకారుతో పట్టి చల్లటి నీళ్లలోకి ఒక్క ఊపులో తలకిందులు చేయాలి. లోపలి ఆవిరి చప్పున నీరైపోతుంది, బయటి గాలి డబ్బాను నలిపేస్తుంది. నలగలేదంటే తప్పు ఊరిది కాదు. ఆవిరి పూర్తిగా నిండకముందే తొందరపడి ఉంటారు, లేదా మూతి నీళ్లలో మునగక గాలి దూరి ఉంటుంది.

అపోహ: చెన్నైలో జుట్టు లేపే వాన్ డి గ్రాఫ్ యంత్రం పనిచేయదు, తడిగాలి ఛార్జిని లాగేస్తుంది.

సగమే నిజం. తడిగాలి కూడా కరెంటును అంతగా మోయదు. యంత్రం పైనుండే లోహపు గోళాన్ని మోసే ప్లాస్టిక్ గొట్టం మీదా, దానికి ఛార్జిని చేరవేసే బెల్టు మీదా కంటికి కనిపించని నీటి పొర పేరుకుంటుంది. ఛార్జి దాని మీదుగా కిందికి జారిపోతుంది. గొట్టాన్ని ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌తో తుడిచి, బెల్టును హెయిర్ డ్రయ్యర్‌తో బాగా ఆరబెట్టి, హాల్లో గంట ముందే ఏసీ వేస్తే చెన్నైలోనూ జుట్టు లేస్తుంది. ప్లాస్టిక్ స్టూల్ ఎక్కి, గోళం మీద చెయ్యి పెట్టాకే స్విచ్ వేయాలి. పేస్‌మేకర్ ఉన్నవాళ్లను దగ్గరికి రానివ్వద్దు. కొబ్బరినూనె పట్టించిన జడ ఏ ఊళ్లోనూ లేవదు, దానికి యంత్రాన్ని తిట్టి లాభం లేదు.

అపోహ: సీసాలోంచి నురగ పొంగించే 'ఏనుగు టూత్‌పేస్టు' ప్రయోగానికి పెరాక్సైడ్ ఎంత గాఢమైతే అంత మజా.

మెడికల్ షాపులో దొరికే 6 శాతం హైడ్రోజన్ పెరాక్సైడ్ సీసా మీద 20 వాల్యూమ్ అని ఉంటుంది. ఒక వంతు ద్రవం నుంచి ఇరవై వంతుల ఆక్సిజన్ వస్తుందని దాని అర్థం. 120 మిల్లీలీటర్లు పోస్తే 2.4 లీటర్ల వాయువు, అరలీటరు సీసా మూతి నుంచి నురగ పొర్లడానికి ధారాళం. అందులో ఒక స్పూను గిన్నెలు తోమే లిక్విడ్ వేయండి. విడిగా రెండు టీస్పూన్ల డ్రై ఈస్ట్‌ను మూడు టేబుల్‌స్పూన్ల గోరువెచ్చని నీళ్లలో కలిపి ఒక నిమిషం ఆగి పోయండి. మరిగే నీళ్లు పోస్తే ఈస్ట్‌లోని ఎంజైమ్ పాడైపోయి ఏమీ జరగదు. నెలల కిందట మూత తీసిన పెరాక్సైడ్ కూడా నీరుగారిపోయి ఉంటుంది. 30 శాతంది చర్మాన్ని తెల్లగా కాలుస్తుంది. నురగలోనూ చర్య జరగక మిగిలిన పెరాక్సైడ్ ఉండొచ్చు, పిల్లల చేతికి ఇవ్వకూడదు. కళ్లద్దాలు, గ్లవ్స్ 6 శాతానికి కూడా తప్పవు. మూత బిగించారంటే బాంబే.

లిక్విడ్ నైట్రోజన్ నుంచి వచ్చే తెల్లటి పొగ నైట్రోజన్ కాదు, గాలిలోని తేమ. అసలు నైట్రోజన్ కనపడదు, వాసన రాదు. ద్రవం వాయువుగా మారితే దాదాపు 700 రెట్లు వ్యాకోచిస్తుంది కాబట్టి 5 లీటర్లు ఒలికితే 3,500 లీటర్ల వాయువు. తలుపులు మూసిన గదిలో ఊపిరాడదు.

ఇక టీవీలో చూసినదంతా అలాగే జరుగుతుందనే నమ్మకం. బ్రిటన్ షో 'బ్రైనియాక్'లో నీళ్లలో సీసియం అనే లోహం వేయగానే స్నానాల తొట్టి ముక్కలైన దృశ్యం ఇప్పటికీ తిరుగుతోంది. ఆ తొట్టిని పేల్చింది సీసియం కాదు, విడిగా పెట్టిన పేలుడు పదార్థం. సీసియం పరమాణు భారం 133, సోడియానిది 23. గ్రాముకు గ్రాము చూస్తే నీళ్లలో సీసియం ఇచ్చే హైడ్రోజన్ వాయువు సోడియం ఇచ్చేదాంట్లో దాదాపు ఆరో వంతే. అలాగని సోడియంతో ఇంట్లో ఆటలాడొద్దు.

మహిమల పేరిట నీళ్లను రక్తంగా మార్చేవాళ్లకు జవాబు మన దిష్టి పళ్లెంలోనే ఉంది. పసుపు నీళ్లలో సున్నం పడితే ఎర్రనీళ్లు. ఈ ఊళ్లోనే, బెంగళూరు విశ్వవిద్యాలయం వైస్ ఛాన్సలర్‌గా ఉన్న హెచ్. నరసింహయ్య 1976లో మహిమలను పరీక్షించే కమిటీ వేశారు. స్టేజీ మీద సున్నం బదులు వాషింగ్ సోడా వాడితే గ్లాసులో తేటగా కనిపిస్తుంది. నిమ్మరసం పిండితే మళ్లీ పసుపే. బట్టల మీద ఒలికితే సబ్బు పెట్టగానే మరక ఎర్రబడి కంగారు పెడుతుంది. ఉతికి ఎండలో ఆరేయండి, వెలిసిపోతుంది.