రంగస్థల నటులు, చిన్న సినిమాలు: అపోహలు - వాస్తవాలు

పరిషత్తుల్లో, అంటే నాటక పోటీల్లో, నాటకాలు ఆడుతూ, మధ్యమధ్యలో తక్కువ బడ్జెట్ సినిమాల్లో, షార్ట్ ఫిల్ముల్లో నటిస్తుంటాను. కొత్తగా వచ్చే పిల్లలు, వాళ్ల ఇంట్లోవాళ్లు నాతో అనే మాటలు దాదాపు ఇవే.

అపోహ: నాటకాల వాళ్లు కెమెరా ముందు ఓవరాక్షన్ చేస్తారు.

వాస్తవం: ఈ మాట వింటే నాకు బాధేస్తుంది. జె.వి. సోమయాజులు గారు ఏళ్ల తరబడి 'కన్యాశుల్కం' నాటకంలో రామప్పపంతులు వేషం వేశారు. 1980లో 'శంకరాభరణం'లో శంకరశాస్త్రి ఆయనే. అందులో మాట లేకుండా చూపుతోనే ఎంత చెప్పారో మళ్లీ ఒకసారి గమనించండి. స్టేజీ మీద మన మాట, చెయ్యి కదలిక చివరి వరుసకి అందాలి. క్లోజప్‌లో ప్రేక్షకుడు మీ ముఖానికి జానెడు దూరంలో ఉంటాడు. అందుకే షాట్‌కి ముందు ఫ్రేమ్ ఎక్కడివరకో కెమెరామన్‌ని అడగండి. అది తెలిస్తే గొంతు, చేతులు ఎంత వాడాలో తెలుస్తుంది. తగ్గించాల్సింది వాటినే, లోపలి భావాన్ని కాదు. చాలామంది రెండూ తగ్గించేసి, ముఖం ఖాళీగా పెట్టి, అదే సహజ నటన అనుకుంటున్నారు.

అపోహ: ఇండిపెండెంట్ సినిమాకి రిహార్సల్స్ అక్కర్లేదు, మామూలుగా ఉంటే చాలు.

వాస్తవం: 2018లో వచ్చిన 'కేరాఫ్ కంచరపాలెం'లో విశాఖలోని ఆ ప్రాంతం వాళ్లే చాలామంది నటించారు. దాన్ని చూపించి నటన రాకపోయినా పర్వాలేదంటారు. కానీ ఒకే డైలాగు సీనంతా ఒకేసారి తీసే మాస్టర్ షాట్‌లో చెప్పాలి, క్లోజప్‌లో చెప్పాలి, ఎదుటివాళ్ల షాట్ తీసేటప్పుడు కెమెరా పక్కన నిలబడి మళ్లీ చెప్పాలి. టీ గ్లాసు ఏ మాట దగ్గర కింద పెట్టారో ప్రతి టేకులోనూ అక్కడే పెట్టాలి, లేకపోతే ఎడిటింగ్‌లో అతకదు. సింక్ సౌండ్ (షూటింగ్‌లోనే గొంతు రికార్డు చేయడం) అయితే టేకు మధ్యలో పక్కనుంచి ప్రాంప్టింగ్ అందించడం కుదరదు. డైలాగు పూర్తిగా నోటికి వచ్చి ఉండాలి. నాటకం ఆడినవాళ్ల అసలు బలం ఇక్కడే. నాటిక మొత్తం కంఠతా పట్టి, తోటి నటుడు మాట మర్చిపోతే అందుకుని సీను నడిపించిన అలవాటు వాళ్లకుంటుంది. సెట్‌లో గంభీరమైన గొంతు కన్నా అదే ఎక్కువ పనికొస్తుంది.

అపోహ: నాటకం సినిమాకి మెట్టు మాత్రమే.

వాస్తవం: సినిమాలో క్లైమాక్స్ మొదటి రోజే తీసేయొచ్చు. పాత్రని మొదటి నుంచి చివరి దాకా ఒకే ఊపులో బతికే అవకాశం స్టేజీ మీదే దొరుకుతుంది. సినిమాలు వస్తున్నా నాటకం వదలొద్దని అందుకే చెబుతాను.

అపోహ: చిన్న సినిమా కదా, డబ్బు అడగకూడదు.

వాస్తవం: అడగాలి. ఎంత, ఎప్పుడు, ఎన్ని రోజులు, డబ్బింగ్ మీతోనే చెప్పిస్తారా అన్నవి కాగితం మీద ఉండాలి. "సినిమా అమ్ముడయ్యాక ఇస్తాం" అంటే ఆ మాటే రాయించుకోండి. విడుదల కాకపోయినా షోరీల్ (మీ నటన చూపించుకునే చిన్న వీడియో) కోసం మీ సీన్లు ఇస్తారో లేదో అందులోనే చేర్చండి. పరిషత్తు తేదీలు కూడా డేట్లు ఇచ్చేటప్పుడే చెప్పేయండి. మీరు రాకపోతే మీ నాటక సమాజం ప్రదర్శన మొత్తం ఆగిపోతుంది.