సీజైన బండి తాళం ఎవరి చేతిలో?

రేషన్ బియ్యం ఎవరు కొంటున్నారు, ఏ మిల్లులో పాలిష్ పడుతోంది, కృష్ణపట్నం పోర్టు దాకా ఎలా చేరుతోంది... ఇదంతా నెల్లూరు జిల్లాలో పాత కథే. 2024 నవంబరులో కాకినాడ పోర్టులో రేషన్ బియ్యం ఓడ గురించి పవన్ కల్యాణ్ అన్న ‘సీజ్ ద షిప్’ మాట రాష్ట్రమంతా తిరిగింది. ఓడ సంగతి అలా ఉంచుదాం. కావలి దగ్గరో కోవూరు దగ్గరో రేషన్ బియ్యంతో పట్టుబడ్డ టాటా ఏస్ తిరిగి ఎప్పుడొస్తుంది? ఇప్పుడు మళ్ళీ రేగిన గొడవ దాని గురించే.

సీజ్ వేరు, జప్తు వేరు. సీజ్ అంటే పట్టుకుని ఉంచడం. జప్తు అయితే బండి సర్కారుదైపోతుంది. ఈ రెండింటి మధ్య గడిచే నెలల్లోనే యజమాని నలిగిపోతాడు. బండి కదలదు, ఫైనాన్స్ కిస్తీ మాత్రం ఆగదు.

మామూలు పోలీసు కేసయితే దారి తెలిసిందే. బండ్లను స్టేషన్ ఆవరణలో ఏళ్ళ తరబడి తుప్పు పట్టనివ్వొద్దని, పూచీకత్తు తీసుకుని త్వరగా ఇచ్చేయమని 2002లో సుప్రీంకోర్టు చెప్పింది. యజమానులు ఆ తీర్పు కాపీ పట్టుకుని మేజిస్ట్రేట్ కోర్టుకు వెళ్తారు. అక్కడ ఎదురయ్యే జవాబు: ‘ఇది నిత్యావసర సరుకుల చట్టం 6ఏ సెక్షన్ కేసు, జాయింట్ కలెక్టర్ దగ్గరకు వెళ్ళండి.’

ఈ జవాబుకు మూలం 1976లో ఉంది. నిత్యావసర సరుకుల చట్టం వచ్చింది 1955లో. సరుకు జప్తు చేసే అధికారం 1966లో 6ఏ సెక్షన్‌తో కలెక్టరుకు దక్కింది; ఇక్కడ ఆ పని చూసేది జాయింట్ కలెక్టర్. ఎమర్జెన్సీ నడుస్తున్న 1976లో 6ఇ అనే సెక్షన్ చేర్చారు. దాని సారం: పట్టుకున్న సరుకు మీదా, దాన్ని మోసిన బండి మీదా, చివరికి పశువు మీదా ఉత్తర్వులిచ్చే అధికారం కలెక్టరుకూ ఆ పై అప్పీలు అధికారికీ తప్ప మరే కోర్టుకూ ఉండదు. అంటే పట్టుకున్నదీ, ఉంచుకున్నదీ, జప్తుపై తీర్పు చెప్పేదీ ప్రభుత్వ యంత్రాంగమే. తర్వాత ఎన్ని తీర్పులొచ్చినా కింది కోర్టు గడప దగ్గర ఆ సెక్షన్ అడ్డం నిలబడే ఉంది.

యజమానికి మరో చిక్కు 6బి సెక్షన్‌లో ఉంది. ‘నాకు తెలియకుండా జరిగింది’ అంటే సరిపోదు. డ్రైవరుకు కూడా తెలియదని, అందరూ తగిన జాగ్రత్తలు తీసుకున్నారని యజమానే రుజువు చేయాలి. ఇంట్లో ఉన్న మనిషి, రాత్రి రెండు గంటలకు డ్రైవరు ఎత్తిన లోడు గురించి ఏం రుజువు చేస్తాడు? డ్రైవరు తెలిసే ఎత్తాడంటే యజమాని వాదన అక్కడికే ఆగిపోతుంది.

అధికారుల మాటా ఉంది: వదిలిన బండే మళ్ళీ అదే రూట్లో దొరుకుతోందని. కొట్టిపారేయలేం. కానీ ఆ భయం పూచీకత్తు షరతులతో తీరేది.

ఇందులో ఇంకో విడ్డూరం ఉంది. పట్టుకున్న బియ్యం పాడవుతుందనుకుంటే కేసు తేలకముందే కలెక్టరు అమ్మించవచ్చు. చౌకధరల దుకాణాల ద్వారా పంచమనీ చెప్పవచ్చు. బియ్యం అలా మళ్ళీ కార్డుదారు ఇంటికి చేరిపోతుంది, మోసిన బండి మాత్రం ఎండకు టైర్లు పగిలి అక్కడే ఉంటుంది. కిరాయి బండ్లకు జప్తు బదులు జరిమానా కట్టుకునే వీలు ఇవ్వాల్సిందే అని అదే చట్టం చెబుతుంది. కాకపోతే ఆ మాట వచ్చేది చివరి ఉత్తర్వులో. అప్పటికి ఫైనాన్స్ వాళ్ళ నోటీసు వచ్చేసి ఉంటుంది.

అందుకే యజమానులు అమరావతి బస్సెక్కుతున్నారు. రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టుకున్న అధికారాన్ని 6ఇ తాకలేదు. రిట్ వేస్తే, బండి అమ్మకూడదు, అడిగినప్పుడు చూపించాలి వంటి షరతులతో తాత్కాలికంగా ఇవ్వమని కోర్టు ఆదేశించవచ్చు. అయితే లాయరు ఫీజు కట్టగలిగినవాడికే ఆ దారి.

2024 జులై నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 497వ సెక్షన్ కోర్టులకు గడువు పెట్టింది. వస్తువు కోర్టు ముందుకొచ్చిన 14 రోజుల్లో వివరాలు రాయాలి, ఫొటోనో వీడియోనో తీయించాలి, ఆ తర్వాత 30 రోజుల్లో ఏం చేయాలో తేల్చాలి. జాయింట్ కలెక్టర్ బల్ల మీదున్న 6ఏ ఫైలుకు ఈ గడువు వర్తించదు.