అనునాదం ఎంత దూరం చేరగలదు?

2023 సెప్టెంబర్ 16న తూర్పు గ్రీన్‌లాండ్‌లోని డిక్సన్ ఫియర్డ్ అనే ఇరుకైన సముద్రపు పాయలోకి సుమారు 2.5 కోట్ల ఘనపు మీటర్ల రాయి, మంచు ఒక్కసారిగా కూలిపడ్డాయి. ఆ తాకిడికి లేచిన అల 200 మీటర్ల ఎత్తుకు ఎగసింది. ఆ తర్వాత ఆర్కిటిక్ నుంచి అంటార్కిటికా దాకా ఉన్న భూకంప కేంద్రాలు ఒక వింత సంకేతాన్ని నమోదు చేశాయి. మామూలు భూకంపం గీసే రేఖలో ఎన్నో పౌనఃపున్యాలు (సెకనుకు ఎన్ని కంపనాలో చెప్పే లెక్కలు) కలగలిసి గజిబిజిగా ఉంటాయి. ఈ రేఖ మాత్రం సుమారు 92 సెకన్లకొకసారి లేచి పడుతూ, క్రమంగా సన్నబడుతూ, తొమ్మిది రోజులు ఒకే లయలో సాగింది. ఎత్తైన కొండగోడల మధ్య చిక్కుకున్న నీరు ఈ ఒడ్డుకూ ఆ ఒడ్డుకూ ఊగుతూ ఉండటమే అందుకు కారణమని శాస్త్రవేత్తలు నిర్ధారించి 2024లో ప్రకటించారు. పాయ వెడల్పు, లోతు కలిసి ఆ 92 సెకన్ల ఆవర్తన కాలాన్ని నిర్ణయించాయి.

ఒకే పౌనఃపున్యానికి శ్రుతి కలిసిన రెండు చోట్లలో ఒకటి కంపిస్తే, మధ్యలో ఏ ఆధారమూ లేకున్నా రెండోది అదే క్షణంలో కంపిస్తుందనే ఊహ విజ్ఞాన కల్పనకు బాగా నచ్చినది. నాకూ నచ్చినదే. కానీ ప్రకృతిలో అనునాదం, అంటే తన సహజ లయకు సరిపడే ఊపు అందినప్పుడు ఒక వస్తువు బలంగా కంపించడం, తనంతట తాను దారి వేయదు. ఉన్న దారి గుండా వచ్చిన శక్తిలో తనకు సరిపడే పౌనఃపున్యాన్ని ఎంచుకొని కూడబెడుతుంది, అంతే. గ్రీన్‌లాండ్ నీటి ఊపు అంటార్కిటికా చేరడానికి రాతిపొరలు కావలసివచ్చాయి, ప్రయాణానికి సుమారు గంట పట్టింది. 2007లో మసాచుసెట్స్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ టెక్నాలజీ పరిశోధకులు శ్రుతి కలిపిన రెండు రాగి తీగచుట్టల సాయంతో, తీగ లేకుండా, రెండు మీటర్ల అవతల 60 వాట్ల బల్బు వెలిగించారు. అక్కడ దారి అయస్కాంత క్షేత్రం. ఆ కొద్ది దూరానికే సగానికి పైగా శక్తి మధ్యలో పోయింది.

మరి దూరాలను నిజంగా కలిపే అనునాదం లేదా? ఉంది. అయితే అందులో రెండు వేర్వేరు వస్తువులు ఉండవు. దూరంగా కనిపించే ఆ రెండు చోట్లూ కంపిస్తున్న ఒకే వస్తువులో భాగాలై ఉంటాయి.

భూమి ఉపరితలానికీ, పైనున్న అయనావరణానికీ (విద్యుదావేశం గల కణాలున్న ఎత్తైన వాతావరణ పొర) మధ్య ఉన్న గాలి పొర ఇందుకు చక్కటి ఉదాహరణ. కిందా పైనా విద్యుద్వాహకాలే కావడం వల్ల ఆ పొర విద్యుదయస్కాంత తరంగాలను లోపలే బంధించి ఉంచుతుంది. భూమి చుట్టుకొలత సుమారు 40,000 కిలోమీటర్లు. కాంతి వేగంతో సెకనుకు ఏడున్నర సార్లు చుట్టి రావచ్చు. ఒక చుట్టు తిరిగి వచ్చిన తరంగం తనతో తానే కలిసి బలపడే పౌనఃపున్యం ఆ చుట్టుపక్కలే ఉండాలి. జర్మన్ భౌతిక శాస్త్రవేత్త విన్‌ఫ్రీడ్ ఒట్టో షూమన్ 1952లో దీనిని ఊహించి చెప్పాడు. కొలతల్లో అది సుమారు 7.83 హెర్ట్జ్‌గా, అంటే సెకనుకు 7.83 కంపనాలుగా తేలింది. ఆ పైన 14, 20 హెర్ట్జ్‌ల దగ్గర మరికొన్ని శిఖరాలు కనిపిస్తాయి.

దీనిని మోగిస్తున్నవి మెరుపులు. ప్రపంచమంతటా కలిపి సెకనుకు నలభై యాభై మెరుపులు మెరుస్తూనే ఉంటాయి. వాటి వల్ల కలిగే అయస్కాంత స్పందన ఎంత స్వల్పమంటే, భూ అయస్కాంత క్షేత్రంలో కోట్లలో ఒక వంతు ఉంటుంది. దానిని పట్టుకోవడానికి వేల చుట్లు చుట్టిన పొడవాటి తీగచుట్టను కరెంటు లైన్లకు దూరంగా నేలలో పాతిపెడతారు, ఎందుకంటే గాలికి చుట్ట కాస్త కదిలినా ఆ కదలికే అసలు సంకేతాన్ని మింగేస్తుంది. ఇంత జాగ్రత్త పడితే, ఒక్కచోట కూర్చొని ఆసియా, ఆఫ్రికా, దక్షిణ అమెరికా ఖండాల్లో మధ్యాహ్నపు ఉరుముల వానలు ఒకదాని తర్వాత ఒకటి పెరిగి తగ్గడాన్ని గమనించవచ్చు. ఈ 7.83 హెర్ట్జ్ మనసును నడిపిస్తుందని జరిగే ప్రచారం నాకు బాధ కలిగిస్తుంది, ఎందుకంటే అసలు సంగతే అంతకంటే గొప్పది.

గాలి పొర ఒక్కటే కాదు, భూగోళమంతా కూడా మోగుతుంది. 1960 మే 22న చిలీలో వచ్చిన 9.5 తీవ్రత భూకంపం తర్వాత దీనిని మొదటిసారి స్పష్టంగా నమోదు చేశారు. ఒక రీతిలో భూమి సుమారు 54 నిమిషాలకొకసారి సాగి, మళ్ళీ అణగుతుంది. మరో రీతిలో గోళమంతా ఇరవై నిమిషాలకొకసారి ఉబ్బి తగ్గుతుంది. 2004 డిసెంబర్‌లో సుమత్రా భూకంపం రేపిన ఈ రెండో కంపనం నెలల తరబడి పరికరాలకు అందుతూనే ఉంది.

ఇలాంటి కంపనాల ఆవర్తన కాలం లోపలి పదార్థం ఎంత గట్టిగా ఉందో దానిని బట్టి మారుతుంది. భూమికి నడిమధ్యన ఒక అంతర కేంద్రకం ఉందని డెన్మార్క్ భూకంప శాస్త్రవేత్త ఇంగే లేమన్ 1936లోనే చెప్పినా, అది ఘనమా ద్రవమా అనే ప్రశ్న మిగిలింది. 1971లో జీవోన్‌స్కీ, గిల్బర్ట్ అనే శాస్త్రవేత్తలు ఈ కంపనాల పౌనఃపున్యాలను లెక్కలతో సరిపోల్చి, అంతర కేంద్రకాన్ని ఘనంగా తీసుకుంటేనే కొలతలు కుదురుతున్నాయని చూపించారు. మనిషి తవ్విన అతి లోతైన బోరు 12 కిలోమీటర్లు దాటి కాస్త దూరమే వెళ్ళింది. 5,000 కిలోమీటర్ల లోతున ఉన్న ఆ గోళం గట్టిదనానికి రుజువు నేల మీది పరికరాలకే అందింది.